అట్ట మీద మీ పేరు, లోపల మా పేరు: పుస్తకాలు రాసే ప్రముఖులకు విశాఖ నుంచి బహిరంగ లేఖ

గౌరవనీయులైన గాయనీగాయకులకు, సంగీత విద్వాంసులకు, టెలివిజన్ ప్రముఖులకు, శాస్త్రవేత్తలకు. వారి పుస్తకాలను తెలుగులో అచ్చు వేస్తున్న ప్రచురణకర్తలకు. విశాఖపట్నం జిల్లా గ్రంథాలయ అధికారులకు,

నమస్కారం.

మేం విశాఖపట్నంలో రాతపని మీద బతికేవాళ్ళం. మీరు ఫోన్లో రికార్డు చేసి పంపిన మాటలు విని కాగితం మీద పెడతాం. ఇంగ్లీషులో వచ్చిన మీ పుస్తకాన్ని తెలుగు చేస్తాం. డీటీపీ చేస్తాం, అంటే కంప్యూటర్లో అచ్చుకి పేజీలు కూర్చుతాం, ప్రూఫులు దిద్దుతాం. మాలో రిటైరైన టీచర్లున్నారు, పత్రికల డెస్కుల్లో ఏళ్ళ తరబడి పనిచేసి బయటికొచ్చినవాళ్ళున్నారు, తెలుగు ఎం.ఏ. చేసి ఉద్యోగం దొరకని పిల్లలున్నారు. మాకు సంఘం లేదు, ఆఫీసు లేదు. కలిసి మాట్లాడుకున్నాం, రాసే బాధ్యత నాకు అప్పగించారు.

రాసిపెట్టినవారి పేరు, తెలుగు చేసినవారి పేరు పుస్తకంలో వేయడం లేదన్నదే మా బాధ. ఈ విషయం ఒక ప్రచురణ సంస్థకు ముందు ఫోన్లో చెప్పాం. తర్వాత ఉత్తరం రాశాం, ఈమెయిల్ పెట్టాం. "చూద్దాం లెండి" అన్నారు. పుస్తకం రెండో ముద్రణకి వెళ్ళింది. అట్ట మారింది, వెల పెరిగింది, ముందుమాట ఒకటి కొత్తగా చేరింది. తెలుగు చేసిన మనిషి పేరు మాత్రం రాలేదు. ఆ సంస్థ ఏదో, ఆ పుస్తకం ఎవరిదో ఇక్కడ రాయడం లేదు. ఒకరిని బజారుకీడ్చడం మా ఉద్దేశం కాదు. ఒక్కచోట జరిగేదే అయితే ఈ లేఖ అవసరమే ఉండేది కాదు.

మీరు పుస్తకాలు రాయడం మాకు సంతోషం. పేరున్న మనిషి పుస్తకం వస్తే, మామూలుగా పుస్తకం ముట్టనివాళ్ళు కూడా కొంటారు. తెలుగులో ఇది కొత్తా కాదు. ఆకాశవాణిలో పాటలు కట్టిన బాలాంత్రపు రజనీకాంతరావు గారు ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’ రాశారు, 1961లో దానికి సాహిత్య అకాడెమీ అవార్డు వచ్చింది. మన ఆంధ్ర మెడికల్ కాలేజీలో చదివిన శ్రీపాద పినాకపాణి గారు ఒకపక్క రోగుల్ని చూస్తూనే, తాను నేర్చిన కృతుల్ని స్వరాలతో సహా కాగితం మీద పెట్టి ‘సంగీత సౌరభం’గా ఇచ్చారు. కొడవటిగంటి రోహిణీప్రసాద్ గారు భాభా అణు పరిశోధన కేంద్రంలో శాస్త్రవేత్త, సితార్ వాయించేవారు, సైన్సు మీదా సంగీతం మీదా స్కూలు పిల్లలకి కూడా అర్థమయ్యే తెలుగులో రాశారు. ఢిల్లీ నేషనల్ ఫిజికల్ లేబొరేటరీలో పనిచేసిన మహీధర నళినీమోహన్ గారి ‘క్యాలెండర్ కథ’ చదివి సైన్సు మీద ఇష్టం పెంచుకున్నవాళ్ళు మాలోనే ఉన్నారు. దూరదర్శన్‌లో తెలుగు వార్తలు మొదట చదివిన శాంతిస్వరూప్ గారు నవలలు రాశారు. మహారాష్ట్రలో జయంత్ నార్లీకర్ గారు అంతటి ఖగోళ శాస్త్రవేత్త అయ్యుండీ తన ఆత్మకథ మరాఠీలో రాసుకున్నారు, 2014లో దానికి సాహిత్య అకాడెమీ అవార్డు ఇచ్చారు.

అందరూ ఇలా సొంతంగా రాయగలరని మేం అనడం లేదు. గొంతు ఉన్న ప్రతివారికీ కలం కూడా ఉండాలని రూలేం లేదు. ఇంకొకరి చేత రాయించుకోవడం తప్పు కాదు, కలిసి రాయడమూ తప్పు కాదు. కలాం గారి ‘వింగ్స్ ఆఫ్ ఫైర్’ 1999లో వచ్చినప్పుడు అట్ట మీదే అరుణ్ తివారీ గారి పేరుంది. అది తెలుగులో ‘ఒక విజేత ఆత్మకథ’ అయినప్పుడు, తెలుగు చేసింది వాడ్రేవు చినవీరభద్రుడు గారని పాఠకులందరికీ తెలిసింది. దానివల్ల కలాం గారి గౌరవం వీసమెత్తు తగ్గిందా? స్టీఫెన్ హాకింగ్ 2010లో తెచ్చిన ‘ది గ్రాండ్ డిజైన్’ మీద లెనర్డ్ మ్లోడినోవ్ పేరు ఉంది. క్వీన్ బ్యాండులో గిటార్ వాయించే బ్రయాన్ మే, ఖగోళ భౌతికశాస్త్రంలో పీహెచ్‌డీ చేసిన మనిషి, 2006లో విశ్వం పుట్టుక మీద పుస్తకం తెస్తే, బీబీసీలో దశాబ్దాల పాటు ఆకాశం గురించి చెప్పిన పాట్రిక్ మూర్, ఇంకో శాస్త్రవేత్త క్రిస్ లింటాట్, ముగ్గురి పేర్లూ అట్ట మీద వేశారు. సంగీతం, టెలివిజన్, సైన్సు మూడూ ఒక్క అట్ట మీద సర్దుకున్నాయి. మన దగ్గర ఎందుకు సర్దుకోవడం లేదన్నదే మా ప్రశ్న.

ఆ పని ఎలా ఉంటుందో కొంచెం చెప్పాలి, ఎందుకంటే "టైపు చేశారు, అంతేగా" అనేవాళ్ళు చాలామంది ఉన్నారు. ఒక పెద్ద గాయకుడి జ్ఞాపకాలు రికార్డుగా వస్తాయి. వెనకాల తంబురా యాప్ మోగుతుంటుంది. చెబుతూ చెబుతూ పాట ఎత్తుకుంటారు, రెండు సంగతులు పాడి, "ఎక్కడున్నాం?" అంటారు. "అదేదో కచేరీ అమ్మా, ఆ ఏడే పెద్ద తుఫాను వచ్చింది చూడు" అంటారు. ఆ తుఫాను ఏది? 1977 నవంబరు నాటి దివిసీమ ఉప్పెనా, మరొకటా? ఆయన అప్పుడు ఏ ఊళ్ళో ఉండేవారు, ఆ కచేరీలో పక్కవాద్యం ఎవరు, వాళ్ళు అప్పటికి ఉన్నారా? ఇవన్నీ పాత పత్రికలు తిరగేసి తేల్చాలి. తేల్చాక ఆయన మాట తీరు పోకుండా, ఆయనే రాసినట్టు అనిపించేలా రాయాలి. ఆవిష్కరణ సభలో "ఎంత బాగా రాశారండీ" అని వక్తలు మెచ్చుకునే వాక్యాలు అక్కడ పుడతాయి. ఆ సభలో ఫ్లెక్సీ కట్టినాయన పేరు మైకులో చదువుతారు. రాసినవాళ్ళు వెనక వరసలో కూర్చుని చప్పట్లు కొట్టి వచ్చేస్తారు.

ఇక దీనివల్ల మామూలు జనానికి జరుగుతున్న నష్టం చెబుతాను.

1. రాసినవాడికి తర్వాతి పని దొరకదు. మాకు ఫారానికి ఇంత అని ఇస్తారు, ఫారం అంటే పదహారు పేజీలు. ఆ డబ్బు ఆలస్యంగా వస్తుంది, అది వేరే గొడవ. కానీ కొత్త ప్రచురణకర్త దగ్గరికి వెళ్తే "మీరు చేసిన పుస్తకాలు చూపించండి" అంటారు. ఏం చూపించాలి? చేసింది చెప్పుకుంటే మాట తప్పినట్టు, చెప్పకపోతే చేతకానట్టు. ఎం.ఏ. చదివిన ఒక అమ్మాయి మా దగ్గరే ఇలా పేరు లేకుండా పుస్తకాలు చేసి చేసి, చివరికి మానేసి సెల్‌ఫోన్ షోరూములో చేరింది. మంచి తెలుగు రాసే చెయ్యి. రేపు మీ పుస్తకానికి ఆ చెయ్యి దొరకదు.

చట్టం కూడా మావైపే ఉంది. 1957 కాపీరైట్ చట్టం 57వ సెక్షన్ ప్రకారం, కాపీరైట్ పూర్తిగా అమ్ముకున్న తర్వాత కూడా "ఇది నేను రాసింది" అని చెప్పుకునే హక్కు రచయితకు మిగిలే ఉంటుంది. అనువాదకుడి పేరు ప్రతి ప్రతిలో కనిపించే చోట వేయాలని యునెస్కో 1976లోనే నైరోబీలో సిఫార్సు చేసింది. ఇంగ్లీషులోకి అనువాదమైన పుస్తకానికి ఇచ్చే ఇంటర్నేషనల్ బుకర్ బహుమతి డబ్బు మూల రచయితకీ అనువాదకుడికీ చెరిసగం. 2025లో మన పక్కనున్న కన్నడ కథలకి ఆ బహుమతి వస్తే, బాను ముష్తాక్ గారితో పాటు అనువాదకురాలు దీపా భాస్తి గారూ వేదిక ఎక్కారు.

2. తప్పు జరిగితే అడగడానికి మనిషి ఉండడు. సైన్సు పుస్తకాల్లో ఇది చాలా ప్రమాదం. విశ్వం వయసు సుమారు 1,380 కోట్ల సంవత్సరాలు. ఇంగ్లీషులో బిలియన్లలో ఉన్నదాన్ని కోట్లలోకి మార్చేటప్పుడు ఒక్క సున్నా జారిపోతే 138 కోట్లు అవుతుంది. భూమి వయసే సుమారు 450 కోట్లు. అంటే విశ్వం కంటే భూమి ముందు పుట్టినట్టు! పేరున్న శాస్త్రవేత్త పుస్తకం కాబట్టి టీచరు కూడా అనుమానపడరు. ఆ అంకె పిల్లవాడి నోట్సులోకి, అక్కడి నుంచి క్విజ్ పోటీలోకి, గ్రూప్స్ కోచింగ్ మెటీరియల్‌లోకి పోతుంది. శాస్త్రవేత్త గారు తెలుగు ప్రతి చూసి ఉండరు. అనువాదకుడు ఎవరో తెలియదు. సరిచూసినవాళ్ళు అసలున్నారో లేదో తెలియదు. ప్రచురణకర్త ఫోన్ ఎత్తరు. సి.వి. రామన్ చిన్నప్పుడు చదువుకున్న ఊరు ఇది. ఈ ఊళ్ళో పిల్లలకి సైన్సు పుస్తకంలో సరైన అంకె ఇవ్వాలని అడగడం గొంతెమ్మ కోరిక కాదు కదా.

పేరు వేస్తే తప్పులు తగ్గుతాయి. ఇది నేను గట్టిగా నమ్మే మాట. తన పేరు అచ్చవుతుందని తెలిస్తే ఏ మనిషైనా ఆ అంకెని ఇంకోసారి చూసుకుంటాడు.

3. సంగీతం పుస్తకాల్లో పోయేది చుక్కలు. స్వరం రాసేటప్పుడు తారస్థాయి (పై స్థాయి) స్వరానికి పైన చుక్క, మంద్రస్థాయికి (కింది స్థాయికి) కింద చుక్క పెడతాం. మాయామాళవగౌళ రాగంలో తొలి పాఠాలైన సరళీ స్వరాలు మొదలుపెట్టిన పిల్లకి కూడా ఇది తెలుసు: మొదటి స మీద చుక్క ఉండదు, చివరి స మీద ఉంటుంది. డీటీపీలో ఫాంటు మార్చేటప్పుడు ఆ చుక్కలు ఎగిరిపోతాయి. సంగీతం తెలియనివాళ్ళు ప్రూఫు చూస్తే అది కనపడదు. అచ్చయి వచ్చాక కృతి మొత్తం ఒకే స్థాయిలో నడుస్తుంది. దగ్గర్లో గురువు లేక, పాడేరులోనో నర్సీపట్నంలోనో ఉండి పుస్తకం చూసి నేర్చుకునే పిల్ల అదే సరైందనుకుని సాధన చేస్తుంది. ఏళ్ళు సాధన చేసిన తప్పుని దిద్దడం ఎంత కష్టమో మీకు నేను చెప్పాలా?

విద్వాంసులకు నా మనవి: మీ పుస్తకానికి సంగీతం తెలిసిన ఒకరు ప్రూఫు చూశారా అని ఒక్క మాట అడగండి. మీరు అడిగితే ప్రచురణకర్త కాదనరు. మేం అడిగితే వినరు. మృదంగం వాయించేవారి వెనక మృదంగం చేసేవారున్నారని గాయకుడు టి.ఎం. కృష్ణ గారు 2020లో ఏకంగా ఒక పుస్తకమే రాశారు. వాద్యం చేసిన చేతులకి దక్కిన ఆ గుర్తింపే, పుస్తకం చేసిన చేతులకీ అడుగుతున్నాం.

4. టెలివిజన్‌లో ఆరోగ్యం, వంట, ఆహార నియమాలు చెప్పే వారి పుస్తకాల విషయం ఇంకా తీవ్రమైంది. రోజూ ఇంట్లో టీవీలో కనిపించే ముఖం కాబట్టి మా అత్తయ్యలూ పిన్నమ్మలూ డాక్టరు మాట కంటే ఆ మాటే ఎక్కువ నమ్ముతారు. షుగరు మాత్రలు మానేసి పుస్తకంలో చెప్పిన కషాయం పట్టినవాళ్ళు ప్రతి వీధిలో ఉన్నారు. ఎపిసోడ్ల ఆడియో పంపి "దీన్ని పుస్తకం చెయ్యండి" అంటారు. వ్యాఖ్యాత గలగలా మాట్లాడిన దానిలో మోతాదు ఒకచోట చెంచా, ఇంకోచోట గ్లాసు అని ఉంటుంది. ఏది సరైందని అడిగితే, "మీకు తోచింది వేసెయ్యండి" అన్న జవాబు మావాళ్ళు విన్నారు. తెలుగు తప్ప వైద్యం తెలియని మనిషి, మందు మోతాదు తేల్చాలట. ఆ పని మాకు వద్దు. సరిచూసిన డాక్టరు పేరు, చదువు పుస్తకంలో లేకుండా ఆరోగ్యం పుస్తకం అచ్చు వేయకండి.

5. చూపు లేని పాఠకులకి మీ పుస్తకం అందడం లేదు. విశాఖలో డిగ్రీలు, పీజీలు చదువుతున్న చూపులేని పిల్లలు తెర మీది అక్షరాల్ని పైకి చదివి వినిపించే స్క్రీన్ రీడరుతో ఫోన్లో చదువుతారు. తెలుగు పుస్తకాలు చాలావరకు ఇప్పటికీ అను ఫాంట్లనే పాతరకం అక్షరాల్లో తయారవుతున్నాయి. ఆ ఫైలు స్క్రీన్ రీడరుకి ఇస్తే తెలుగు అక్షరం ఒక్కటీ పలకదు, అర్థంలేని ఇంగ్లీషు అక్షరాలూ గుర్తులూ చదువుతుంది. ఏ ఫోనూ కంప్యూటరూ అయినా గుర్తుపట్టే యూనికోడ్‌లో ఇస్తే హాయిగా చదువుతుంది. 2012లో సవరించిన కాపీరైట్ చట్టం, దివ్యాంగులకి వీలైన రూపంలోకి పుస్తకాన్ని మార్చుకోవడానికి అనుమతి ఇచ్చింది. చూపులేనివారి కోసం కుదిరిన మరకేష్ ఒప్పందాన్ని 2014లో ప్రపంచంలో అందరికంటే ముందు ఆమోదించిన దేశం మనది. ఇంత ఉన్నా పిల్లలకి చేతికి వచ్చేది శూన్యం.

గాయనీగాయకులారా, వ్యాఖ్యాతలారా, మీ గొంతే మీ ఆస్తి. మీ పుస్తకాన్ని మీరే చదివి రికార్డు చేసి ఇవ్వండి. అంతకంటే మంచి ఆడియో పుస్తకం ఎవరు చేయగలరు?

6. గ్రంథాలయాల్లో దొరకవు. నాలుగైదు వందలు పెట్టి పుస్తకం కొనలేని వాళ్ళు శాఖా గ్రంథాలయానికి వెళ్తారు. 1960 నాటి గ్రంథాలయాల చట్టం కింద మన ఇంటిపన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయ సెస్సుగా కడుతున్నాం. ఆ డబ్బుతో కొనే పుస్తకాల్లో సంగీతం, సైన్సు పుస్తకాలు వెతుక్కోవాల్సి వస్తోంది. ఉన్నవాటికి కేటలాగులో అనువాదకుడి పేరు ఎక్కించరు. పుస్తకం లోపలే పేరు లేకపోతే వాళ్ళు మాత్రం ఎక్కడి నుంచి తెచ్చి ఎక్కిస్తారు?

మా డిమాండ్లు ఇవి.

మొదటిది, అన్నిటికంటే ముఖ్యమైంది: రాసిపెట్టినవారి పేరు అట్ట మీద, అనువాదం చేసినవారి పేరు అట్ట మీదా లోపలి పేజీలోనూ, డీటీపీ, ప్రూఫు చేసినవారి పేర్లు ప్రచురణ వివరాల పేజీలో వేయాలి. కృతజ్ఞతల్లో "ఇంకా ఎందరో మిత్రులు" అని రాసి సరిపెట్టడం చాలదు. ఇప్పటికే వచ్చిన పుస్తకాలకి తర్వాతి ముద్రణలో ఈ పేర్లు చేర్చాలి. ఎవరైనా తమ పేరు వద్దంటే అది వాళ్ళిష్టం, కానీ అడగనంటూ ముందే కాగితం రాయించుకోవడం ఆపాలి.

రెండోది: పని మొదలుపెట్టే ముందే రాతపూర్వకంగా ఒప్పందం కావాలి. ఎంత డబ్బు, ఎప్పుడు, పేరు ఎక్కడ, మళ్ళీ ముద్రిస్తే ఏమిటి అన్నది అందులో ఉండాలి. ఒక కాపీ మాకు ఇవ్వాలి.

మూడోది: సైన్సు, వైద్యం, సంగీత స్వరాలు ఉన్న ప్రతి పుస్తకాన్నీ ఆ విషయం తెలిసినవారు సరిచూడాలి, వారి పేరు అచ్చవ్వాలి. తప్పులు తెలియజేయడానికి ఒక ఫోన్ నంబరు, అది ఎత్తే ఒక మనిషి ఉండాలి.

నాలుగోది: ప్రతి పుస్తకానికీ యూనికోడ్ ఫైలు సిద్ధం చేసి, చూపులేని పాఠకులు అడిగితే ఇవ్వాలి.

అయిదోది గ్రంథాలయ అధికారులకు: ఇక ముందు కొనే అనువాదాల్లో అనువాదకుడి పేరు లేని పుస్తకాన్ని కొనుగోలు జాబితాలో చేర్చకండి. ఈ ఒక్క నిబంధన పెడితే మా మిగతా డిమాండ్లలో సగం వాటంతటవే తీరతాయి. లైబ్రరీ ఆర్డరు పోతుందంటే ఏ ప్రచురణకర్తయినా పేరు వేస్తారు. పౌర గ్రంథాలయంలోనో మరోచోటో మీరు ఒక సమావేశం పెట్టి ప్రచురణకర్తల్నీ మమ్మల్నీ పిలిస్తే, ఈ విషయాలన్నీ ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకోవచ్చు. మా వైపు నుంచి ఎవరు రావాలో మేం తేల్చుకునే ఉన్నాం.

ప్రముఖులకు ఇంకొక్క మాట. మీలో చాలామందికి ఇదంతా తెలియదని మాకు తెలుసు. ఫైలు ఎవరి చేతుల మీదుగా వెళ్ళి వచ్చిందో మీకెవరూ చెప్పరు. ఇప్పుడు తెలిసింది కాబట్టి, మీ తర్వాతి పుస్తకం ఒప్పందం మీద సంతకం పెట్టే ముందు "తెలుగు చేసేది ఎవరు? పేరు వేస్తున్నారా?" అని అడగండి. ఆవిష్కరణ సభలో ఆ మనిషిని వేదిక మీదికి పిలవండి. శాలువా ఏమీ వద్దు, పేరు పలికితే చాలు.

ఈ ఏడాది డిసెంబరు నెలాఖరు దాకా మీ జవాబు కోసం చూస్తాం. ఆలోగా ఎవరు పేర్లు వేస్తామని ముందుకొచ్చినా, అందరికీ తెలిసేలా వారికి ధన్యవాదాలు చెబుతాం. జవాబు రాకపోతే, జనవరి నుంచి పేరు వేయబోమని చెప్పిన పుస్తకానికి మాలో ఎవ్వరం పెన్ను పట్టం.

ఇట్లు,
విశాఖపట్నంలోని రాతపనివారు, అనువాదకులు, డీటీపీ, ప్రూఫు పనివారి తరఫున
ఒక అనువాదకురాలు